ఇస్త్రీ చొక్కాలు

కంబోడియాలో పుట్టిన సోఖా పెళ్ళిళ్ళలో లైటు పట్టుకుంటూ కెమెరా నేర్చాడు. తర్వాత వార్తలు తీశాడు, పడవల మీద తిరిగి డాక్యుమెంటరీలు తీశాడు. జుట్టు నెరిశాక, భవనాలు కట్టే కూలీల మీద సినిమా తీయడానికి రియాద్ వచ్చాడు. ఆఖరి రోజొచ్చినా అందులో ప్రాణమున్న ముఖం ఒక్కటీ పడలేదు. కెమెరా కనిపిస్తే చాలు, జగిత్యాల నుంచి వచ్చిన మేస్త్రీలంతా పాస్‌పోర్టు ఫోటోకి నిలబడ్డట్టు బిగుసుకుపోయేవారు. లోకమంతా ఇంతేలెండి, కెమెరా ముందు మామూలుగా ఉండేవి కొండలే.

"అన్నా, పనిబట్టలల్లనే రావాల్నంట," అని సోఖా మాటను చేరవేశాడు డ్రైవర్ భూమేష్.

"ఊకో తమ్మీ! మా ఇంటామె ముత్యవ్వ చూస్తది. సిమెంటు మొఖంతోని కనవడితే ఫోన్లనే తిడ్తది. జెర ఆగమను," అన్నాడు మేస్త్రీ లింబాద్రి.

సోఖా ఆగలేదు. కెమెరా భుజానికెత్తుకుని వాళ్ళ గదిలోకే నడిచాడు. ఒకే అద్దం ముందు అందరూ తోసుకుంటున్నారు. లింబాద్రి బనియన్‌తో నిలబడి, కూనిరాగం తీస్తూ చొక్కా ఇస్త్రీ చేస్తున్నాడు. ముస్తాబు కాకముందే షూటింగ్ మొదలవుతుందని ఎవరికీ తోచలేదు మరి.

"ఇగ రెడీ. తియ్యమను!" అన్నాడు లింబాద్రి, కాలర్ సర్దుకుంటూ.

"అయిపోయిందట అన్నా. ఇస్త్రీ చేసుడే మస్తుగొచ్చిందట. సినిమాల ఉంచుకోవాల్నా అని అడుగుతుండు," అన్నాడు భూమేష్.

"ఉంచుకోమను గని, గీ చొక్కా సంగతేంది?"

సోఖా నవ్వి, మూసిన కెమెరా మళ్ళీ తెరిచాడు. ఈసారి ముత్యవ్వ కోసం.