ఎండకు పొంగే ఏరు

ష్యోక్ నది ఒడ్డున దిగేసరికి ఉదయం ఏడు. లద్దాఖ్, డెబ్బైల చివర్లో ఒక జూలై నెల. లారీ వెనక్కి తిరిగింది. మేం పదకొండు మంది జవాన్లం, రెండు గుడారాలు, ఒక వైర్‌లెస్ సెట్టు. చెట్టు లేదు, వాన ఊసే లేదు. అచ్చం మా ఊరు కణేకల్లే, చలి ఒక్కటే ఎక్కువ అనుకున్నాను.

ఆ ఏటిని చూస్తే ఆశ్చర్యం. మంచుగడ్డల్లో పుట్టి ఆగ్నేయానికి పరుగెడుతుంది. కొండ అడ్డు రాగానే మొత్తంగా వెనక్కి మళ్లి, వాయవ్యానికి పోయి సింధులో కలుస్తుంది. మా సామాన్లు మోసే లద్దాఖీ పెద్దాయన చెప్పేవాడు: తాతల కాలంలో కొండల అవతలి యార్కండ్ వర్తకులు చలికాలం గడ్డకట్టిన ఈ ఏటి మీదే గుర్రాలు నడిపించేవాళ్లట. ఎండాకాలం ఇటు తొంగిచూసేవాళ్లు కాదట. ఎందుకని నేను అడగలేదు. అడిగుంటే బాగుండేది.

నీళ్లు బూడిద రంగు. తాగితే పళ్ల కింద కరకర. వానొస్తే తప్ప పారని మా ఊరి ఏరు హగరి, దాని ఇసుకలో చెలమలు తవ్వి పెరిగినవాణ్ణి, నేనుండగా తేట నీళ్లకు కరువా? మూడో రోజు పొద్దున ఎనిమిదింటికి నాలుగు డబ్బాలు తీసుకుని, వైర్‌లెస్ ఆపరేటర్‌ను వెంటబెట్టుకుని ఏటి నడుమ ఇసుకతిప్ప మీదికి పోయాను. అతనిది మా పక్కనున్న బెళుగుప్ప. నీళ్లు మోకాలి లోతే. పెద్దాయన ఒడ్డు నుంచి అరిచాడు: "పన్నెండులోపు వచ్చెయ్యండి! తర్వాత ఏరు పెరుగుతుంది."

ఆపరేటర్ నవ్వాడు. "వాన లేందే ఏరు యాడినుంచి వస్తాదన్నా?"

"అదే గదా! నువ్వు తవ్వప్పా," అన్నాను.

చెలమ నిదానంగా ఊరింది. ఒంటిగంటకు నేను రెండు డబ్బాలతో ఒడ్డుకు వచ్చాను. నీళ్లు తొడల దాకా ఉన్నాయి. అయినా బుద్ధి రాలేదు. "మిగతా రెండూ నింపుకొని రా," అని కేకేశాను. తప్పు నాదే. అరగంటలో తిప్ప మునిగింది.

"పైన మంచు కరిగింది, ఎండకు," అంటూ పెద్దాయన నడుముకు తాడు కట్టుకుని నీళ్లలోకి దిగాడు. తాడు రెండో కొస అయిదుగురం పట్టుకున్నాం. మూడింటికి మా హవల్దారు వైర్‌లెస్ సెట్టు ముందు కూర్చున్నాడు. "మనిషి దక్కాడు. నీళ్ల డబ్బాలు పోయాయి. ఓవర్."

ఏడాదికి గుంతకల్లులో రైలు దిగి ఇంటికి చేరాను. నాయన అంతా విన్నాడు.

"ఎండకు ఏరొస్తాదా? అట్లయితే మన హగరి ఏడాదంతా పారల్ల గదరా!"

ఇంట్లో అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. తిప్ప మీద నీళ్లు నడుము దాటుతుంటే ఆపరేటర్ మా వైపు చూడలేదు, తాడు వైపు చూడలేదు. మెడ ఎత్తి మబ్బు కోసం ఆకాశమంతా వెతుకుతున్నాడు.