పథ్యం విడిచిన రోజు

1999 జూన్‌లో నన్ను నందిగామకూ జగ్గయ్యపేటకూ మధ్య ఉన్న ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి మెడికల్ ఆఫీసరుగా బదిలీ చేశారు. హోదా సివిల్ అసిస్టెంట్ సర్జన్. పేరులో సర్జన్ అని ఉన్నా గడ్డలు కోయడం, కుట్లు వేయడం మించి కత్తితో పని ఉండేది కాదు. కాపురం నందిగామలో. పగలు ఓపీ చూసి, సాయంత్రం ఇంటి ముందుగదిలో రోగులను చూసేవాణ్ణి.

రాఘవయ్యగారు ఆ కేంద్రం ఉన్న ఊరి రైతు. మిర్చి, పత్తి వేసేవారు. వేదాద్రి దారిలో ఆయనకు మామిడితోట ఉండేది. ఆదివారం సాయంత్రాలు ఆ తోట షెడ్డులో నలుగురం పేకాటకు కూర్చునేవాళ్లం. మందు సీసా కూడా ఉండేది. నేను రెండు గ్లాసులతో ఆపేవాణ్ణి. ఆయనకు మాత్రం మిగతా వారమంతా కూడా ఆదివారమేనని నాకు తెలుసు.

మరుసటి వేసవిలో ఆయన కళ్లు పచ్చబడ్డాయి. భార్య సుగుణమ్మగారు వెంటబెట్టుకుని మా ఇంటికి తీసుకొచ్చారు. పడుకోబెట్టి చూస్తే, కుడివైపు పక్కటెముకల కింద కాలేయం వాచి చేతికి తగిలింది. నొక్కితే నొప్పి అన్నారు. రక్తం విజయవాడ ల్యాబుకు పంపించాను. కాలేయ కణాలు దెబ్బతిన్నప్పుడు వాటిలోంచి రక్తంలోకి వచ్చే ఎంజైములు రెండున్నాయి. ఎస్‌జీఓటీ, ఎస్‌జీపీటీ అంటాం. చెడునీటివల్ల వైరస్ సోకి వచ్చే కామెర్లలో సాధారణంగా రెండోది ఎక్కువ ఉంటుంది. తాగుడువల్ల అయితే మొదటిది దానికి రెట్టింపు దాకా ఉంటుంది. ఆయనకు మొదటిదే ఎక్కువ వచ్చింది.

జబ్బేమిటని సుగుణమ్మగారు అడిగారు. కామెర్లేనమ్మా అన్నాను. అబద్ధం కాదు గానీ, కామెర్లు ఒక లక్షణం మాత్రమే. కాలేయం ఎందుకు దెబ్బతిందో చెబితేనే జబ్బు చెప్పినట్టు. తాగుడు అంటే ఎక్కడ, ఎవరితో అని ఆమె అడుగుతుంది. ఆ ప్రశ్న రాకుండా చూసుకున్నాను.

కామెర్లు అన్నాక ఆ ప్రాంతంలో ఎవరైనా చేసే పనే వాళ్లూ చేశారు. పసరు మందుకు వెళ్లారు. పరగడుపున పసరు, ఆపైన నెలకు పైగా పథ్యం. ఉప్పు, నూనె, కారం ఉండవు. మజ్జిగన్నమే. మద్యం ముట్టుకుంటే మందు విరుగుతుందని పసరు పోసినాయన గట్టిగా చెప్పాడట. రాఘవయ్యగారు భయపడి నిష్ఠగా పాటించారు. పేకాటకు కూడా రాలేదు. పచ్చదనం పోయింది. మళ్లీ చేయించిన పరీక్షల్లో అంకెలు బాగా దిగాయి. అది పసరు గుణం కాదు, మద్యం ఆపిన గుణం. ఆ దశలో మానేస్తే కాలేయం చాలావరకు తనంతట తాను కోలుకుంటుంది. ఈ సంగతి ఆ ఊళ్లో తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే.

పథ్యం విడిచే రోజు ఇంట్లో భోజనాలు పెట్టారు. నాటుకోడి కూర, గారెలు. నన్నూ పిలిచారు. రాఘవయ్యగారు ఉత్సాహంగా ఉన్నారు.

“చూశారా డాక్టరుగారూ, మీ మాత్రలు ఆకుపసరు ముందు నిలబడలా. ఓడిపోయినోళ్లు ముందు పుచ్చుకోవాలి” అని మద్యం పోసిన గ్లాసు నా చేతిలో పెట్టారు.

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. వంటింటి గుమ్మం దగ్గరనుంచి సుగుణమ్మగారు అడిగారు.

“ఇంక అన్నీ తినొచ్చాండీ?”

“తినొచ్చమ్మా. భయం లేదు” అన్నాను. గ్లాసు చేతిలోనే ఉంది.

మూడో ఏడు ఆయన పొట్ట ఉబ్బి, కాళ్లు చేతులు సన్నబడి వచ్చారు. ఈసారి కాలేయం చేతికి అందలేదు. మచ్చలు కట్టి, గట్టిపడి, కుంచించుకుపోయింది. సిర్రోసిస్ అంటాం. అలాంటి కాలేయంలోంచి రక్తం సరిగా సాగదు. ఆ ఒత్తిడికి పొట్టలో నీరు చేరుతుంది, అన్నవాహికలో సిరలు ఉబ్బుతాయి. అవి చిట్లితే నెత్తుటి వాంతులే. సూదితో నీరు తీయడం కొద్దిరోజుల ఉపశమనం. రెఫరల్ చీటీ రాసి విజయవాడ పంపించాను.

వార్డులో చూడటానికి వెళ్లినప్పుడు ఆయన మగతలో ఉన్నారు. సుగుణమ్మగారు నన్ను వరండాలోకి పిలిచారు. కోపంగా మాట్లాడలేదు.

“నెలపైన చుక్క ముట్టకుండా ఉన్నారు కదండీ ఈయన. తినొచ్చా అని ఆ రోజు మిమ్మల్నే ఎందుకడిగాననుకున్నారు? తాగుడు వల్లనని మీరొక్క ముక్క అనుంటే, ఆ పథ్యం జన్మంతా పట్టించేదాన్ని.”

ఆ వారంలోనే నెత్తురు కక్కుకుని ఆయన పోయారు.

నేను చెప్పి ఉంటే ఆయన మానేసేవారని రూఢిగా అనలేను. చెప్పినా మానని వాళ్లను తర్వాత చాలామందిని చూశాను. కానీ ఆయన మానగలరని ఆ పథ్యం రుజువు చేసింది. ఆ రుజువు నా కళ్లముందే ఉంది. నేనూ తాగేవాణ్ణే కాబట్టి చెప్పే అర్హత నాకు లేదని అప్పట్లో అనుకునేవాణ్ణి. అది వినయం కాదు, నా వీలు చూసుకోవడం. తాగే డాక్టరైనా ఆ మాట చెప్పి తీరాలి.

నేను మానడానికి మరో ఏడాది పట్టింది. చెప్పడం మాత్రం వెంటనే మొదలుపెట్టాను. తాగుడువల్ల కామెర్లు వచ్చిన మనిషిని, ఆయన ఒప్పుకుంటే ఇంట్లోవాళ్లను కూడా, ఎదురుగా కూర్చోబెట్టి కారణం పేరు పెట్టి చెప్పేవాణ్ణి. ఏం తినాలో ఆ తర్వాత చెప్పేవాణ్ణి. పథ్యం విడిచే భోజనాలకు పిలిస్తే వెళ్లలేదు.