రాకుమారుడి బరువు

పత్తి మూట భుజాన పడగానే అరుణ దాని బరువు చెప్పేస్తుంది. కాటా మీద పెట్టి చూస్తే అరకిలో అటో ఇటో, అంతే తేడా. ఎమ్మిగనూరు చుట్టుపక్కల చేలల్లో పదహారేళ్ళుగా మోస్తున్న భుజం అది. ఉగాది దగ్గర పడి ఊళ్ళలో జాతరలు, తేర్లు మొదలైతే ఆ భుజానికి ఇంకో పని పడుతుంది. మామ సుంకన్నది నాటకాల మేళం. అందులో అరుణ రాణి. పాము కరిచి చచ్చిపోయిన కొడుకుని భుజాన వేసుకుని కాటికి నడిచే రాణి. భర్త ధనుంజయ కాటికాపరిగా బతుకుతున్న రాజు. చచ్చిపోయే రాకుమారుడు వాళ్ళ సొంత కూతురు శోభ.

ఆ ఇంట్లో రాకుమారుడి వేషమంటే మాటలు కాదు. సుంకన్న నాయన వేశాడు, సుంకన్న వేశాడు, ధనుంజయ వేశాడు. నాలుగో ఏట తాత చేత్తో మొహానికి రంగు పూయించుకోవాలి. రాణి మోయలేని రోజున దిగిపోవాలి. వయసు చూడరు, గొంతు చూడరు, అదొక్కటే కొలత. రాణి రాకుమారుణ్ణి ఎత్తుకుని జనం మధ్యలో ఒక చుట్టు తిరిగి మళ్ళీ స్టేజీ ఎక్కగలగాలి. ఎక్కలేకపోతే వేషం దిగిన ఆ పిల్ల హార్మోనియం పక్కన తాళాలు వాయిస్తూ కూర్చోవాల్సిందే. ధనుంజయ పదేళ్ళకు దిగిపోయి, ఆ ఏడంతా జ్వరం వచ్చినవాడిలా తిరిగాడట. సుంకన్న ఆ సంగతి నవ్వుతూ చెబుతాడు. అందులో నవ్వడానికేముందో అరుణకు ఎప్పుడూ అర్థం కాలేదు.

ఆడపిల్లకు ఆ వేషమేమిటని మొదట్లో చుట్టాలు గొణిగారు. కౌతాళం స్టేజీ మీద నాలుగేళ్ళ శోభ "అమ్మా, పాము!" అని అరిచి పడిపోయిన రోజున జనం లేచి నిలబడ్డారు. గొణిగిన నోళ్ళే మర్నాడు మా పిల్ల, మా పిల్ల అన్నాయి. అప్పట్నుంచి మాధవరం వాళ్ళు పిలిచినా, మద్దికెర వాళ్ళు పిలిచినా ముందడిగేది పాప వస్తుందా అనే. బళ్ళో శోభ ఎవరికీ పట్టని పిల్ల. ఇంట్లో తాత ఒళ్ళో కూర్చోబెట్టుకునేదీ, నాయన బుగ్గ నిమిరేదీ ఆట బాగా వచ్చిన రోజునే. ఆ పిల్లకు దక్కిన ముద్దంతా ఆ వేషానికి దక్కిందే.

పోయిన ఏడు మద్దికెరలో ఆఖరి ఆట అయిపోయాక, రంగు కడుక్కుంటూ అరుణ నోరు జారింది.

"అబ్బా, ఎంత బరువైనావే! వచ్చే ఏడు నా సేత గాదు పో."

నిజానికి అది మురిపెం. కూతురు ఒళ్ళు చేసిందన్న సంతోషం. ఏ తల్లయినా అనే మాటే. వేరే ఇళ్ళలో అయితే ఆ మాట గాలికి పోయేది. ఈ ఇంట్లో పుట్టిన పిల్లకు అది తీర్పులా వినిపించింది. శోభ చేతిలో తడిగుడ్డ పట్టుకుని అలాగే నిలబడిపోయింది. అరుణ అటు చూడనైనా లేదు.

ఆ తర్వాత ఏడాది పొడుగునా శోభ ఇంట్లో బళ్ళో తిన్నానంది, బళ్ళో ఇంట్లో తిన్నానంది. తెల్లవారకముందే ఆటో ఎక్కి కూలికి పోయి దీపాల వేళకు వచ్చే అరుణ, అడిగింది, నమ్మింది. పిల్ల పొడుగు సాగుతోంది కాబట్టి సన్నబడిందనుకుంది.

ఈ ఏడు మొదటి ఆట ఆదోని పక్కన ఒక ఊళ్ళో. పదింటికల్లా మైకు కట్టెయ్యాలని పోలీసులు చెప్పడంతో పొద్దు గుంకకముందే మొదలుపెట్టారు. పాము కరిచే సీను వచ్చింది. శోభ పడిపోయింది. అరుణ పద్యం ఎత్తుకుని, వంగి, కూతుర్ని భుజాన వేసుకుంది.

పోయిన ఏడు ఇరవై మూడు కిలోలు. ఇప్పుడు ఇరవై కూడా లేదు.

పిల్ల పక్కటెముకలు భుజానికి గుచ్చుకుంటున్నాయి. పద్యం మధ్యలో తెగిపోయి, గొంతులోంచి ఏ రాగానికీ చెందని అరుపు ఒకటి వచ్చింది. జనం చప్పట్లు చరిచారు. ముందువరసలో ఒకాయన "వన్స్ మోర్!" అన్నాడు. వెనకనుంచి ఇంకో పాతికమంది అందుకున్నారు. వన్స్ మోర్ పడితే రాణి కొడుకుని కిందికి దింపి మళ్ళీ ఎత్తుకోవాలి. తెర పక్కనుంచి సుంకన్న కానిమ్మని చెయ్యి ఊపాడు. అరుణ దింపింది. మళ్ళీ వంగింది. కళ్ళు తెరవకుండా, పెదవి కదలకుండా శోభ అడిగింది.

"మా, ఇప్పుడు మోస్తావు గదా?"

ఆ జనాన్ని అరుణ ఈనాటికీ క్షమించలేదు. తనను అసలే క్షమించుకోలేదు.

మర్నాడు బడికి పోయి, శోభ పక్కన కూర్చునే హుమేరాను అడిగింది. ఆ పిల్ల భయపడుతూనే చెప్పింది.

"గుడ్డు నాకిస్తాది ఆంటీ. అన్నం కుక్కకేస్తాది. ఎవురికీ సెప్పొద్దని ఒట్టేపిచ్చుకున్నాది."

ఆ సాయంత్రం అరుణ మామ ఎదుట నిలబడింది.

"పాప ఇంగ ఆ వేషం ఎయ్యదు మామా."

"ఏమ్మా? రాత్రి సూస్తి గదా, ఎంత తేలిగ్గా ఎత్తితివి! ఇంగా రెండేండ్లు మోస్తావు."

"నేను మోయాలని కడుపు మాడ్సుకుంటాంది మామా. ఏడాదినుంచీ."

సుంకన్న చెడ్డవాడు కాదు. పైపంచతో కళ్ళు తుడుచుకున్నాడు. ఆ తర్వాత, "మన రగతం గదమ్మా, ఏషమంటే అంత పంతం" అన్నాడు. ఆ గొంతులో గర్వం విని అరుణకు ఒళ్ళు మండిపోయింది. ధనుంజయ ఒక్కడు "తీసెయ్ నాయనా" అన్నాడు. అంతవరకు మేలు.

వేషం మరిది కూతురు కవితకు పోయింది. నాలుగేళ్ళ పిల్ల. రాణి వేషం మాత్రం అరుణకు తప్పలేదు. శోభ ఏడవలేదు. పళ్ళెం ముందు పెడితే తిన్నది. రెండు నెలల్లో మొహం తేటపడింది. అమ్మతో మాత్రం మాట మానేసింది. ఏం కావాలన్నా నాయన్ని అడిగేది. పోనీలే, పిల్ల దక్కింది, అదే పదివేలు అనుకుంది అరుణ.

కవితకు నేర్పే పని తాత శోభకే అప్పగించాడు. ఒక ఆదివారం మధ్యాహ్నం అరుణ పెరట్లో గుడ్డలు ఆరేస్తుంటే గోడ అవతల శోభ గొంతు వినిపించింది. ఎంతో ఓపిగ్గా చెబుతోంది. పాము కరవగానే పడిపోకూడదు, మూడడుగులు తూలాలి. మొహం మీద ఈగ వాలినా రెప్ప అదరకూడదు. అరుణ గోడ మీంచి తొంగి చూసింది. కవిత చేతిలో బొరుగుల ఉండ ఉంది. శోభ దాన్ని మెల్లగా లాక్కుని సగం విరిచి పక్కన పెట్టింది.

"ఇంతే తినల్ల. నేను బరువైనాక మొదులుపెడితి, అందుకే మాయమ్మ కనిపెట్టేసింది. నువ్వు ఇప్పట్నుంచే తక్కువ తింటే ఆమెకు తెలీదు" అంది.

కవిత బుద్ధిగా తలూపింది.