పొద్దున గుండీలు ఎవరు పెట్టారు?

నిన్న మా క్లినిక్ ముందు మామిడికాయల లారీ ఒకటి ఆగింది. ఎండుగడ్డి వాసన, పచ్చికాయల సొన వాసన కలిసి కిటికీలోంచి గుప్పున కొట్టాయి. ఎదురుగా కూర్చున్న పేషెంటు ఏదో చెబుతూనే ఉన్నాడు గానీ, నా మనసు అప్పటికే తిరువూరు వెళ్ళిపోయింది. డెబ్బైలలో నేను కొత్తగా ఉద్యోగంలో చేరిన ఆసుపత్రికి, సుభద్రమ్మగారి దగ్గరికి.

ఆవిడ మా పెద్ద డాక్టరు. మనిషి పొట్టి, మాట కటువు. రోగి మీద కేకలేస్తూనే తన ఫ్లాస్కులోని కాఫీ అతనికి పోసి ఇచ్చే రకం. మామిడి సీజను వచ్చిందంటే రెడ్డిగూడెం, విస్సన్నపేట తోటల నుంచి లారీలు బారులు తీరేవి. గంపల మీదే ఎక్కి కూర్చుని వెళ్ళే కూలీల్లో ఎవరో ఒకరు దెబ్బలతో మా దగ్గరికి వచ్చేవారు. కట్లు కట్టడంతో మా పని తీరేది కాదు. ఆ మనిషి మునుపటి పని ఎంతవరకు చేసుకోగలడో మేము రాసివ్వాలి. దాన్నిబట్టే లేబరాఫీసరు యజమాని చేత పరిహారం ఇప్పించేవాడు.

అలా వచ్చినవాడే ఏసోబు. ఒక తోటలో లారీలకు గంపలెత్తే జట్టులో ఉండేవాడు. కల్వర్టు దగ్గర లారీ పల్టీ కొట్టి కుడి భుజం నుజ్జయింది. ఎముకైతే అతుక్కుంది. చెయ్యి ఏ మాత్రం పనికొస్తుందో చూడవలసిన రోజున అతని వెంట భార్య సువార్తమ్మ, తోట యజమాని గుమాస్తా వచ్చారు. నేను మూలనున్న ఇసుక బకెట్టు చూపించి "ఎత్తగలవా?" అని అడిగాను.

"ఎందుకెత్తలేనండీ!" అంటూ ఏసోబు పళ్ళు బిగపట్టి బకెట్టు లేపాడు. ముఖమంతా చెమట.

"చూశారుగా డాక్టరుగారూ, గుండ్రాయిలా ఉన్నాడు" అని గుమాస్తా సంబరపడ్డాడు. ఏసోబు కూడా నవ్వాడు. నోటికాడి కూడు తనే తోసేసుకుంటున్నానని అతనికి తోచలేదు. నిజానికి నాకూ తోచలేదు.

పక్క బల్ల దగ్గర నుంచి ఇదంతా చూస్తున్న సుభద్రమ్మగారు లేచి వచ్చారు. గుమాస్తాను వరండాలో కూర్చోమని పంపేశారు. ఏసోబు వైపు చూడనైనా చూడకుండా సువార్తమ్మను అడిగారు.

"ఏమ్మా, పొద్దున మీ ఆయన చొక్కా గుండీలు ఎవరు పెట్టారు?"

ఆమె మొగుడి వంక బెదురుగా చూసింది. "నేనేనండి."

"అన్నమో?"

"ఎడం చేత్తో తింటన్నాడండి. పిల్లల ముందర తినడు. ఆళ్ళు బడికెళ్ళిందాకా కంచం ముట్టడండి."

"చెప్పొద్దన్నాను గదే!" అని ఏసోబు కసిరాడు.

"ఊరుకో ఏసోబూ" అన్నారావిడ. ఆ గొంతులో కటువు లేదు. "పని కోసం వెళ్ళినప్పుడు చెయ్యగలననే అనాలి, అనకపోతే పొయ్యి వెలగదు. ఇక్కడ నిన్నెవరూ పన్లో పెట్టుకోవటంలేదు. చెయ్యలేనన్నా నీ పరువెక్కడికీ పోదు."

అతను బకెట్టు వంక చూసి "ఎత్తలేనండమ్మా" అన్నాడు. తలగుడ్డ ముఖానికి అడ్డం పెట్టుకుని వెక్కివెక్కి ఏడ్చాడు.

ఇక ఎత్తుడు పనికి అతను పనికిరాడని ఆవిడ రాసిచ్చారు. లోపలికొచ్చిన గుమాస్తా ఉసూరుమన్నాడు. "తోటలో కాపలా పని ఇస్తామంటున్నారు గదండీ మా అయ్యగారు?"

"ఇవ్వమనండి, సంతోషం. నేను రాసింది అతను పోగొట్టుకున్న పని గురించి."

లేబరాఫీసరు ఆ మాటనే ఖాయం చేశాడు. పరిహారం వచ్చింది. సువార్తమ్మ పాడిగేదెను కొని, మొదటిరోజు పాలు మా ఆసుపత్రికి తెచ్చింది. నీళ్ళు కలపలేదు కదా అని సుభద్రమ్మగారు ఆమెను ఏడిపించారు.

చాలా ఏళ్ళ తర్వాత, ఆవిడ రిటైరై బెజవాడలో చెల్లెలింట్లో ఉన్నప్పుడు చూడబోయాను. కుడి చెయ్యి ఒడిలోంచి కదలడంలేదు. "నాకేంటయ్యా, అన్నీ నేనే చేసుకుంటున్నా" అన్నారు.

నేను చెల్లెలిగారి వైపు తిరిగి "పొద్దున ఈవిడకు జడ ఎవరు వేశారండీ?" అన్నాను.

సుభద్రమ్మగారు పకపకా నవ్వారు. "నా మందు నాకే పోస్తున్నావా!" అన్నారు. ఆ నవ్వు మెల్లగా ఆగిపోయింది. "వేసుకోలేకపోతున్నానయ్యా" అని, ఎడం చేత్తో ఆ కుడిచేతిని ఎత్తి నా చేతిలో పెట్టారు.

ఆ చేతి బరువు నాకు ఇంకా తెలుస్తూనే ఉంది. ఎవరైనా బాగానే ఉన్నానంటే, నేను వెంట వచ్చినవాళ్ళ వైపు తిరుగుతాను.