కాళ్లు ఆగిన బావ, నోరు ఆగని నేను

తాండూరులో కందుల వ్యాపారం చేసే మా బావ శివరాజుకు టెన్షన్ ఎక్కువైందట. ఒకరోజు దుకాణం మూసి పచ్చని చోట తిరిగి రమ్మన్నాడు డాక్టర్. తోడుగా అక్క నన్ను పంపింది. ఏడో తరగతిలో బడి మానేసి నాపరాళ్లకు పాలిష్ పట్టే నాకు వేరే వైద్యం రాదు, నవ్వించడం తప్ప.

పొద్దున ఏడు దాటాక రైలెక్కి ఎనిమిదికల్లా వికారాబాద్‌లో దిగాం. స్టేషన్ బయట ఇడ్లీలు తిని, ఆటోలో అనంతగిరి చేరేసరికి తొమ్మిదిన్నర. ముందురోజు వాన పడింది. అడవి బాట మెత్తగా ఉంది. ఎక్కడం హాయిగానే సాగింది.

చిక్కంతా దిగేటప్పుడే. నేను ముందు దిగిపోయాను. బావ మాత్రం ఏటవాలు బండ మధ్యలో కూర్చుండిపోయాడు. జారితే కింద రాళ్ల కుప్ప. బండను పట్టుకున్న వేళ్లు తెల్లబడ్డాయి.

"బావా, అక్కడనే దుకాణం పెడతవా? కందుల బస్తాలు పంపియ్యాల్నా?" అన్నాను.

నవ్వలేదు. ఇంకో జోకు వేశాను. కుడికాలు పెట్టమన్నాను, కాదు ఎడమకాలన్నాను. నేను మాట్లాడేకొద్దీ ఆయన ఊపిరి పొట్టిదవుతోంది. ఒక కాలు జర్రున జారి, మళ్లీ ఆగింది.

అక్కడే మేకలు కాస్తున్న ఒక పెద్దమ్మ వచ్చి, నా చెయ్యి పట్టి బండ మొదట్లో కూర్చోబెట్టింది. తనూ నా పక్కనే బావకు వీపు తిప్పి కూర్చుంది.

"మేక బండ మీద చిక్కుకుంటే మేం పిలువం, అదిలించం. గిట్ల తిరిగి కూసుంటం. జరసేపైతే దాని కాళ్లు దానికి యాదికొస్తయి."

మా బావ మేకకన్నా బరువని చెప్పబోయాను.

"ఆయనకు కాళ్లు ఆగినయ్, నీకు నోరు ఆగుతలేదు కొడుకా. ఇద్దరిదీ ఒక్కటే భయం" అంది.

చెప్పబోయిన జోకు మింగేశాను. పది నిమిషాలు నోరు విప్పలేదు. పుట్టాక అంతసేపు ఊరుకోవడం అదే మొదలు. వెనక ఊపిరి మెల్లగా పొడుగైంది. తర్వాత బండ మీద ప్యాంటు రాసుకుంటున్న చప్పుడు. బావ కూర్చునే జరుగుతూ దిగి, మా పక్కన చేరాడు. పెద్దమ్మ తిరిగి చూడకుండానే మేకల వెంట వెళ్లిపోయింది.

మీరూ అటు వెళ్తే నీళ్లు, పట్టున్న బూట్లు తీసుకెళ్లండి. ఎవరైనా బిగుసుకుపోతే సలహాలు మాత్రం సంచిలోనే ఉంచండి.

నాలుగింటి రైల్లో ఎదురు సీటు తాత, మేం అనంతగిరి పోయొస్తున్నామని విని, కొండ ఎట్లుందని అడిగాడు.

"ఏముంది, చకచక దిగిన" అని బావ నా వైపు చూశాడు. ఆ చూపులో బతిమాలడం ఉంది. నాలుక చివర నాలుగు జోకులు వరుస కట్టాయి.

"అవ్ తాతా, మా బావ ఒక్కడే దిగిండు. నేను చెయ్యి గూడ ఇయ్యలే" అన్నాను.