గడియ పెట్టిన గదిలో నా బిడ్డ

నిన్న మనవరాలి ముఖానికున్న డ్యాన్సు రంగును కొబ్బరినూనెతో తుడుస్తుంటే, ఆ వాసనకు పాత మేకప్ గది కళ్ల ముందుకొచ్చింది. నాతో తొంభైల్లో నాటకాలాడిన అక్కల్లారా, నా కూతురి చిన్నతనం గుర్తుందా? స్టేజీ మీద నేను చచ్చిపోతే నిజమనుకుని పరుగెత్తుకొచ్చేది. అందుకే పాకాలలో ఆడిన రాత్రి దాన్ని మేకప్ గదిలో ఉంచి గడియ పెట్టారు.

నేను శవమై పడుకున్నాను. నా చావుకేక విని అది తలుపు బాదుతోంది.

"మా, లెయ్ మా!"

ఉన్నట్టుండి దాని గొంతు ఆగిపోయింది. తేలు కుట్టిందా, ఊపిరాడలేదా? కదిలితే నాటకం చెడిపోతుంది. ఆ ఏడుపు నాటకంలోదే అనుకుని జనం కళ్లు తుడుచుకుంటున్నారు.

తెర పడగానే పరుగెత్తి గడియ తీశాను. ఏడ్చి ఏడ్చి నిద్రపోయింది. వెనకే మేనేజరు వచ్చాడు.

"బిడ్డ ఏడుపు బలే ఉండాది మే! రేపు నగరి ఆటలో గూడా లోపలే పెట్టు. లేదంటే వేషం ఇంకొకామెకు ఇస్తా."

వేషం తప్ప నాకు వేరే బతుకు లేదు. నగరిలో గడియ నేనే పెట్టాను.