మందుకు నేను చేసిన తర్జుమా

హిందీ నడిచే ఇనుప గనుల ఊరు బచేలీ టౌన్‌షిప్‌లో ఇరవై రెండేళ్లుగా గుమాస్తాగిరీ చేస్తున్నవాడికి హిందీ రాదంటే కొండలోని ఇనుప రాయి కూడా నవ్వుతుంది. నేను సెలవు చీటీ రాస్తే మా ఆఫీసరు కళ్లద్దాలు తుడుచుకుని మూడుసార్లు చదివేవాడు. మెచ్చుకుంటున్నాడనుకునేవాణ్ని. ఛీ, ఆ గర్వం గుర్తొస్తే ఇప్పటికీ నోట్లో కుంకుడు రసం పోసినట్టుంటుంది.

మా కాలనీలో పనిచేసే, తెలుగు మాట్లాడే దొర్లా తెగ అమ్మాయి ఒకరోజు తన అక్కను వెంటబెట్టుకొచ్చింది. అక్కది ఉసూర్ వైపు అడవి పల్లె. ఆమె మొగుణ్ని పోలీసులు పట్టుకున్నారు. రాష్ట్రం సరిహద్దు అవతలి చర్ల బజారు నుంచి మిరప చేనుకు పురుగుమందు తెస్తుంటే దారిలో ఆపి, డబ్బాలో ఏముందని అడిగారట.

“మందు అన్నడు సారూ. గంతే. ఇంకేమంటడు?” అంది ఆమె.

నిజమే, ఇంకేమంటాడు? మనకు కడుపునొప్పికి వేసేదీ మందే, మిరపకు కొట్టేదీ మందే, మగాళ్లు పొద్దుగూకితే తాగేదీ మందే, నాటు తుపాకీలో కూరేదీ మందే. ఒక్క మాటతో ఆసుపత్రి, చేను, సారా దుకాణం, ఆయుధాగారం నాలుగూ నడిపే జాతి మనది. అక్కడ దుబాసీగా నిలబడ్డ మహానుభావుడు ఆ నాలుగింటిలో చివరిదాన్ని ఏరుకుని ‘బారూద్’ అన్నాడు. డబ్బాలో మందు నీళ్లలా తొణుకుతూనే ఉంది. తొణికే తుపాకీ మందును ప్రపంచంలో మొదట కనిపెట్టింది ఆ స్టేషనే. ఉగ్రవాదుల మీద వాడే ఉపా చట్టం కింద కేసు పెట్టి రైతును జైల్లో వేశారు.

ఆమె తరఫు వకీలు కుర్రాడు, మంచివాడే, తెలుగు మాత్రం ముక్క రాదు. ఆమె చెప్పింది హిందీలో రాసిపెట్టమని నన్నడిగాడు. ఆమె చెప్పింది ఒక్క ముక్క: “చేన్ల మొక్కలు సస్తున్నయి, మందు తెస్తుండె.” దాన్ని అంతటితో వదిలేస్తే నేను నేనెందుకవుతాను? చేను అన్నది మరీ మోటుగా ఉందని తీసేసి జంగల్ పెట్టాను. మొక్కలు ఎందుకులే, ప్రాణాలంటే గుండెలు కరుగుతాయనుకున్నాను. చివరికి నా కలం కన్నది ఇదీ: జంగల్ నడుమ పోతున్న ప్రాణాలను నిలబెట్టడానికి ఈ దీనుడు దవాయి తీసుకెళ్తున్నాడు. రాసి, నేనే చదువుకుని, నేనే కళ్లు తుడుచుకున్నాను. వకీలు దాన్ని ఉన్నదున్నట్టుగా బెయిలు అర్జీలో పెట్టేశాడు.

ప్రత్యేక కోర్టు బెయిలు ఇవ్వలేదు. అడవిలో ఉన్న నక్సలైట్లకు మందులు చేరవేస్తున్నట్టు నిందితుడి అర్జీలోనే ఉంది కదా అని ఉత్తర్వులో రాశారు.

వకీలు టీ గ్లాసు కింద పెట్టి, “బాబూజీ, ఈ ప్రాణాలు ఎవరివి?” అన్నాడు.

“మిరప మొక్కలవి.”

అతను నా వైపు చూసిన చూపు, కప్పులో ఈగ పడితే చూసే చూపు. ఇలాంటి కేసులో హైకోర్టుకు అప్పీలుకే వెళ్లాలట, ముప్పై రోజుల్లోగా వేయాలట, ఇద్దరు జడ్జీలు వింటారట. అప్పీలుతోపాటు నా అఫిడవిట్ కావాలన్నాడు: ఫలానావాడి కొడుకునైన నేను తప్పుగా రాశాను, ఆ వాక్యం నా సొంత కల్పన, అని.

ఉపా కేసు కాగితం మీద నా పేరు! ఉద్యోగం, పెన్షను, కంపెనీ క్వార్టరు, పెరట్లో బొప్పాయి చెట్టు వరసగా కళ్ల ముందు కూలాయి. ఆ పూటే మంచమెక్కాను. నాలుగు దుప్పట్లు కప్పుకుని, నూట పదేళ్ల ముసలాడిలా మూలిగాను. థర్మామీటరు మాత్రం నా మాట వినలేదు. నా మీద నాకే రోత పుట్టింది, అయినా లేవలేదు. ఇంట్లో క్యాలెండరు వైపు చూడకుండా తిరగడం నేర్చుకున్నాను.

గడువు నాలుగు రోజులుందనగా ఆమే వచ్చింది, వకీలు హిందీలో రాసిచ్చిన అఫిడవిట్ కాగితం పట్టుకుని. “ఏందో సదువు” అంది. ప్రతి మాటా తెలుగు చేసి చదివాను.

ఆమె కాగితం మీద వేలు పెట్టింది. “గీ జంగల్ ముచ్చట నువ్వే రాసినవా?”

“నేనే.”

“నేను సెప్పిన్నా?”

“లేదు.”

“మా ఆయన సెప్పిండా?”

“లేదమ్మా.”

“మరి ఎవల్ని అడిగి రాసినవ్?”

నేను కాగితం మడతపెట్టబోయాను. అప్పుడామె ఏడవలేదు, తిట్టలేదు. తిట్టి ఉంటే ఆ పూట అన్నం సహించేది. “నువ్వు రాసింది నువ్వే తుడువు, సారూ” అని కలం నా వేళ్ల మధ్య దోపింది. సంతకం పెట్టాను. వంకర టింకరగా వచ్చింది. పురుగు పాకినట్టుందని వకీలు గుమాస్తా తర్వాత అన్నాడు.

అప్పీలు గడువులోపే పడింది. విచారణనాడు పెద్ద జడ్జీగారు జప్తు చేసిన వస్తువుల జాబితా తిప్పి, బారూద్ ద్రవమెలా అయిందని ప్రభుత్వ వకీలును అడిగారట. ఆయన గడువు కోరాడట. ఇవ్వలేదు. బెయిలు వచ్చింది.

జైలు గేటు దగ్గరికి నేనూ వెళ్లాను. మనిషి సగమై బయటికొచ్చాడు. మిరప చేను ఎప్పుడో ఎండిపోయిందని భార్య అప్పటికప్పుడే చెప్పింది. అతను తలూపి, నన్ను చూసి చేతులు జోడించి ఏదో అనబోయాడు.

ఆమె అతని చెయ్యి పట్టి ఇవతలికి లాగింది.

“ఆయన ముందల ఏం మాట్లాడకు. హిందీల రాస్తడు.”